గ్డాన్స్క్ సొలిడారిటీ మ్యూజియం: వీలైతే ఒక యూనియన్ మనిషిని వెంటబెట్టుకుని వెళ్లండి

పోలండ్‌కి వచ్చే మనవాళ్లు నన్ను అడిగేవి ఎప్పుడూ రెండే. క్రాకోవ్‌లో ఎన్ని రోజులు ఉండాలి, వార్సాలో ఇడ్లీ ఎక్కడ దొరుకుతుంది. గ్డాన్స్క్ సంగతి ఎవరూ అడగరు, అడిగినా సముద్రం కోసమో, ఆ రంగురంగుల పాత మేడల ముందు ఫొటోల కోసమో. అందుకే ఇది రాస్తున్నా. ఆ ఊళ్లో యూరోపియన్ సొలిడారిటీ సెంటర్ అని ఒక మ్యూజియం ఉంది, 2014 ఆగస్టు చివర్లో తెరిచారు. 1980లో అక్కడి షిప్‌యార్డు సమ్మెలోంచి పుట్టిన సొలిడారిటీ అనే కార్మిక సంఘం కథ చెప్పే మ్యూజియం అది. నేను ఐదుకి నాలుగున్నర ఇస్తున్నా. ఆ అర ఎందుకు కోశానో కింద చెబుతాను.

ముందు ఒక విషయం. నేను ఒక్కదాన్నే వెళ్లుంటే ఈ రివ్యూ వేరేలా ఉండేది. మా నాన్న విశాఖలో హిందుస్థాన్ షిప్‌యార్డులో, మా ఊరి భాషలో చెప్పాలంటే సింధియాలో, ముప్పై ఏళ్లకు పైగా వెల్డర్. ఎర్ర జెండా యూనియన్ మనిషి. చిన్నప్పుడు మే డే రోజు ఆయన భుజాల మీద కూర్చుని ఊరేగింపుకి వెళ్లిన గుర్తు నాకింకా ఉంది. మొన్న వేసవిలో అమ్మానాన్నా నా దగ్గరికి వచ్చినప్పుడు, గ్డాన్స్క్‌లో షిప్‌యార్డు ఉందట అనగానే ఆయన రెడీ. అయితే అక్కడ ఉన్నది కమ్యూనిస్టు ప్రభుత్వం మీద కార్మికులు తిరగబడిన కథ అని మాత్రం నేను రైలెక్కాకే చెప్పాను. పది నిమిషాలు కిటికీలోంచి బయటికి చూస్తూ కూర్చున్నారు. తర్వాత, "అప్పట్లో మా యూనియన్ ఆఫీసులో అదంతా అమెరికా కుట్ర అనుకునేవాళ్లం. చూద్దాం పద" అన్నారు.

వార్సా నుంచి ఎక్స్‌ప్రెస్‌లో దాదాపు మూడు గంటలు. గ్డాన్స్క్ మెయిన్ స్టేషన్ నుంచి నడిచే వెళ్లొచ్చు, పావుగంట ఇరవై నిమిషాలు. నాన్నకి మోకాళ్ల నొప్పి కాబట్టి మేం ట్యాక్సీ ఎక్కి, ఆ కాస్త దూరానికే రెండింతలు ఇచ్చుకుని దిగాం. (మీటర్ చూసి ఎక్కండి, ఏ దేశమైనా సరే.)

దిగగానే మూడు శిలువలు కనబడతాయి. ఒక్కోటీ 42 మీటర్ల ఎత్తు, పైన ఓడ లంగర్లు వేలాడుతుంటాయి. 1970 డిసెంబర్లో కాల్పుల్లో పోయిన షిప్‌యార్డు కార్మికుల స్మారకం అది. దాన్ని ఆవిష్కరించింది 1980 డిసెంబర్ 16న, అంటే కమ్యూనిస్టు పార్టీ ఇంకా గద్దె మీద ఉండగానే. తను కాల్పులు జరిపించిన చోటే, తను చంపించిన వాళ్లకి, తన కళ్ల ముందే కార్మికులు స్తంభాలు లేపుతుంటే ఏమీ అనలేక చూస్తూ నిలబడింది సర్కారు. లోపల ఏడు హాళ్లలో చూపించేదంతా, అసలు పరిస్థితి అక్కడిదాకా ఎలా వచ్చిందనే. ఆ పక్కనే షిప్‌యార్డు 2వ నంబరు గేటు. గేటు మీద పోప్ ఫొటో, పూలు. లెనిన్ షిప్‌యార్డు అనే పాత పేరుని చరిత్ర కోసం 2012లో మళ్లీ గేటు పైన పెడితే, ఇప్పటి సొలిడారిటీ యూనియన్ వాళ్లే వచ్చి లెనిన్ పేరు కోసేశారు. ఇది చెప్పినప్పుడు నాన్న మొహం చూడాల్సింది.

బిల్డింగ్ బయటంతా తుప్పు పట్టిన ఇనుప రేకులు. పాడుబడిందేమో అనుకోకండి, కావాలనే అలా కట్టారు, ఓడ పక్కలా కనబడాలని. లోపల మాత్రం ఎత్తైన అద్దాల కప్పు, కింద పచ్చని చెట్లు. ఆడియో గైడ్ టికెట్లోనే వస్తుంది, మీరు నడిచిన చోటుని బట్టి దానంతటదే మాట్లాడుతుంది. నాన్నకి ఆ ఇంగ్లిష్ వేగం అందలేదు, నేనే చెప్పుకుంటూ పోయాను. నిజానికి అదే మంచిదైంది.

మొదటి హాల్లోకి వెళ్లగానే తలపైన వరసలు వరసలుగా పసుపు హెల్మెట్లు. పక్కన పాత క్రేన్ క్యాబిన్ ఒకటి, లోపలికి ఎక్కి చూడొచ్చు. అది అన్నా వాలెంటినోవిచ్ కథ చెప్పడానికి పెట్టింది. చాలామందికి తెలిసిన పేరు సొలిడారిటీ నాయకుడు లెక్ వాలేసాది (అప్పట్లో మన పేపర్లు అలాగే రాసేవి, ఇక్కడివాళ్లు వావెన్సా అంటారు), కానీ 1980 ఆగస్టు సమ్మె మొదలైంది ఆయన కోసం కాదు. వాలెంటినోవిచ్ వెల్డర్‌గా చేరి తర్వాత క్రేన్ ఆపరేటర్ అయిన మనిషి, యాజమాన్యంతో ఊరికే గొడవ పడుతుందని పేరు. పార్టీకి సంబంధం లేని స్వేచ్ఛా యూనియన్‌లో రహస్యంగా పనిచేసేది. ఆగస్టు 7న ఆమెని ఉద్యోగంలోంచి తీసేశారు. రిటైర్‌మెంట్‌కి ఐదు నెలలుంది. ఐదంటే ఐదు నెలలు. నాన్న క్యాబిన్ ముందు నిలబడి, "ఎక్కడైనా ఇదే పని. పెన్షన్ ముందే పట్టుకుంటారు" అన్నారు. ఆగస్టు 14 పొద్దున షిప్‌యార్డులో పని ఆగిపోయింది. మొదటి డిమాండ్లు ఆమెనీ, అంతకుముందు 1976లో తీసేసిన ఎలక్ట్రీషియన్ వాలేసానీ మళ్లీ పనిలోకి తీసుకోవాలి, జీతం పెంచాలి, 1970లో పోయినవాళ్లకి స్మారకం కట్టాలి, ఇలాంటివి.

మామూలు సమ్మెలాగే ఉంది కదా. మూడో రోజున అది మామూలు సమ్మెలాగే ముగిసిపోబోయింది కూడా. ఆగస్టు 16న డైరెక్టర్ జీతాలు పెంచుతానన్నాడు, వాలేసా సమ్మె విరమణ ప్రకటించాడు, జనం ఇళ్లకి బయల్దేరారు. అప్పటికే ఊళ్లో బస్సు డిపోలు, చిన్న చిన్న ఫ్యాక్టరీలు షిప్‌యార్డుకి మద్దతుగా ఆగిపోయి ఉన్నాయి. హెన్రికా క్షివోనోస్ అనే ట్రామ్ డ్రైవర్ తన బండి నడిరోడ్డు మీద ఆపేసి వచ్చిన మనిషి. మీరు వెళ్లిపోతే మా గతేంటి, బస్సులు ట్యాంకుల ముందు ఎక్కడ నిలబడతాయి అని ఆమె అడ్డం పడింది. వాలెంటినోవిచ్, షిప్‌యార్డు నర్సు అలీనా పియెన్‌కోవ్‌స్కా గేట్ల దగ్గరికి పరిగెత్తి వెళ్లేవాళ్లని ఆపారు. చాలామంది అప్పటికే వెళ్లిపోయారు, కొద్దిమందే మిగిలారు. ఆ రాత్రే అన్ని ఫ్యాక్టరీలకీ కలిపి ఉమ్మడి సమ్మె కమిటీ ఏర్పడింది. ఇక జీతం పెంచామని ఒక ఫ్యాక్టరీని పంపించేస్తే సరిపోయే వ్యవహారం కాదు.

ఇక్కడ నేను సొలిదార్నోష్చ్ (సొలిడారిటీకి పోలిష్ మాట) అనే మాటకి తెలుగులో ఏమనాలా అని తడుముకుంటుంటే, నాన్న ఠక్కున "సంఘీభావం" అన్నారు. "మేం వేరే ఫ్యాక్టరీ వాళ్ల కోసం సంఘీభావ సమ్మె చేసేవాళ్లం కదా, అదే ఇది." నలభై ఐదేళ్ల కిందటి పోలిష్ కథ ఆయనకి అప్పటినుంచీ ఇంక నేను చెప్పాల్సిన పని లేకపోయింది.

మ్యూజియంలో ఒక్క వస్తువు దగ్గరే టైమ్ ఖర్చు పెట్టగలిగితే 21 డిమాండ్ల బోర్డుల దగ్గర పెట్టండి. ప్లైవుడ్ మీద పెయింటుతో చేత్తో రాసి గేటుకి తగిలించిన రెండు బోర్డులు, 2003లో యునెస్కో ప్రపంచ స్మృతి జాబితాలోకి ఎక్కాయి. పైన ఉన్నవి పెద్దవి: పార్టీ నుంచి, యాజమాన్యం నుంచి స్వతంత్రమైన యూనియన్లు, సమ్మె హక్కు, మాట్లాడే, అచ్చు వేసుకునే స్వేచ్ఛ, జైల్లో ఉన్న రాజకీయ ఖైదీల విడుదల. కిందికి వస్తుంటే మనిషి బతుకు కనబడుతుంది. నెలకి 2,000 జ్లోటీల పెంపు. మాంసానికి కార్డులు. పిల్లల్ని చూసుకోవడానికి చోటు. ఫ్లాట్ కోసం ఏళ్ల తరబడి పడిగాపులు తగ్గించాలి. శనివారం సెలవు. నాన్న మాంసం దగ్గర ఆగారు. "రేషన్ కావాలని సమ్మెలో అడిగారా? మాకు రేషన్ తీసేస్తే సమ్మె." అవును నాన్నా, అడిగారు, ఎందుకంటే కార్డు ఉంటే క్యూలో చివర నిలబడ్డవాడికి కూడా తన వాటా దొరుకుతుందని ఆశ. పోలీసులకీ పార్టీ వాళ్లకీ ప్రత్యేక దుకాణాలు, ప్రత్యేక అలవెన్సులు ఎత్తేయాలని కూడా అదే బోర్డు మీద ఉంది. శ్రామికుల రాజ్యమని చెప్పుకునేచోట శ్రామికులే ఈ డిమాండ్ రాయాల్సి రావడం నాకు మిగతా అన్నిటికంటే ఎక్కువ చెప్పింది.

మన దగ్గర యాజమాన్యం అన్యాయం చేస్తే లేబర్ కమిషనర్ దగ్గరికి పోతాం, కోర్టుకి పోతాం, పేపర్ వాళ్లని పిలుస్తాం, ఏదీ కుదరకపోతే ప్రతిపక్షం ఎమ్మెల్యేని తెచ్చి గేట్ మీటింగ్ పెడతాం. అక్కడ ఇవన్నీ ఒక్కటే, పార్టీ సర్కారే. ఫ్యాక్టరీ వాళ్లదే, మాంసం కొట్టు వాళ్లదే, ఉండే ఫ్లాట్ వాళ్ల దయే, పేపరూ పోలీసూ వాళ్లే, ఆఖరికి యూనియన్ కూడా వాళ్లదే. అందుకే అక్కడ మాంసం ధర పెంచడమంటే ప్రభుత్వం మన ఇంట్లోకొచ్చి కంచంలోంచి తీసుకెళ్లినట్టు. 1980 జూలైలో మొదటి సమ్మెల్లో ఒకటి స్విద్నిక్ అనే ఊళ్లో హెలికాప్టర్ ఫ్యాక్టరీలో, క్యాంటీన్ కట్లెట్ ధర పెరిగిందని. నవ్వొస్తుంది కానీ కట్లెట్ రేటు కూడా సర్కారే పెడుతుంటే కట్లెట్ గురించి అరిచిన అరుపు సర్కారు మీద అరుపే అవుతుంది.

రెండో హాలు చీకటిగా, బరువుగా ఉంటుంది. వెనక్కి తీసుకెళ్తారు. 1956 జూన్ 28న పోజ్నాన్‌లో, అప్పుడు స్టాలిన్ పేరు పెట్టుకున్న సెగెల్‌స్కీ ఫ్యాక్టరీ కార్మికులు రొట్టె, స్వేచ్ఛ అంటూ వీధిలోకొస్తే ట్యాంకులు దింపారు, యాభై మందికి పైగా పోయారు, వాళ్లలో పదమూడేళ్ల పిల్లాడున్నాడు. 1970 డిసెంబర్ 12న, క్రిస్మస్ దగ్గర పడగానే, అప్పటి పార్టీ నాయకుడు గొముల్కా ప్రభుత్వం తిండి ధరలు పెంచింది. గ్డాన్స్క్‌లో కార్మికులు పార్టీ ఆఫీసు దాకా వెళ్లి తగలబెట్టారు. 17వ తేదీ తెల్లవారుజామున పక్క ఊరు గ్డీనియాలో, పనిలోకి రండి అన్న పిలుపు విని రైలు దిగి వస్తున్న కార్మికుల మీద సైన్యం కాల్పులు జరిపింది. తీరప్రాంత నగరాల్లో నలభై మందికి పైగా చనిపోయారు, వెయ్యిమందికి పైగా గాయపడ్డారు. అద్దం వెనక ఒక తోలు జాకెట్ వేలాడుతుంటుంది, ఇరవై ఏళ్ల షిప్‌యార్డు కుర్రాడిది, తూటా రంధ్రాలతో. దాని ముందు ఏమీ మాట్లాడుకోలేదు మేమిద్దరం. కొంచెంసేపయ్యాక నాన్న మాత్రం, "డ్యూటీకి వస్తున్నవాళ్ల మీదా?" అని ఒక్కమాట అన్నారు.

ఈ మ్యూజియంలో నాకు బాగా నచ్చింది, ఓడిపోయినవాటిని ఊరికే లెక్క రాసి వదిలేయకపోవడం. ఒక్కో ఓటమి నుంచి వీళ్లేం నేర్చుకున్నారో హాళ్ల మధ్య నడుస్తుంటే మనకే తెలుస్తుంది. 1968లో విద్యార్థులు లేచారు, కార్మికులు కదల్లేదు. 1970లో కార్మికులు లేచారు, చదువుకున్నవాళ్లు కదల్లేదు. 1976 జూన్‌లో ధరల పెంపు మీద లేచిన రాదోమ్, ఉర్సుస్ కార్మికుల్ని కొట్టి, ఉద్యోగాలు పీకి, కేసులు పెడితే, ఆ సెప్టెంబర్లో యాత్సెక్ కురోన్ లాంటి మేధావులు కొందరు కలిసి కార్మికుల రక్షణ కమిటీ పెట్టి లాయర్లని, డబ్బుని, వార్తల్ని వాళ్ల ఇళ్లకి చేర్చారు. 1980కి వచ్చేసరికి ఇద్దరూ ఒకే గేటు లోపల ఉన్నారు. ఇంకో పాఠం ఇంకా పెద్దది: ఈసారి వీధిలోకి పోలేదు. ఊరేగింపు లేదు, తగలబెట్టడం లేదు. గేట్లు వేసుకుని షిప్‌యార్డు లోపలే కూర్చున్నారు, మందు తాగడం నిషేధం, కంచె మీదుగా ఊరివాళ్లు రొట్టెలు అందించారు. కాల్చడానికి సైన్యానికి సందు ఇవ్వలేదు. "బుర్ర ఉన్నోళ్లు" అన్నారు నాన్న, సమ్మెలు చేసిన మనిషిగా.

అమెరికా కుట్ర సంగతి కూడా దారిలో మాట్లాడుకున్నాం. సొలిడారిటీకి అమెరికా నుంచి రహస్యంగా డబ్బు అందింది, అది నిజమే. కానీ అది 1981 డిసెంబర్లో మార్షల్ లా (సైనిక పాలన) వచ్చిన తర్వాతి మాట. 1980 ఆగస్టులో గేటు బయట నిలబడ్డది ఆ ఊరి ఆడవాళ్లు, పాదిరీలు. పాదిరీల దగ్గర మాత్రం నాన్నకి కాస్త ఇబ్బందిగానే ఉంది. ఫొటోల్లో వేల మంది కార్మికులు షిప్‌యార్డు లోపల మోకాళ్ల మీద కూర్చుని పూజ చేస్తుంటారు. అంతకుముందు ఏడాది, 1979 జూన్‌లో, పోలండ్ మనిషే అయిన పోప్ రెండో జాన్ పాల్ వచ్చినప్పుడు లక్షల మంది ఒకచోట చేరారు, మనం ఇంతమందిమి ఉన్నామా అని జనానికి అప్పుడే తెలిసింది. ఆగస్టు 31న ఒప్పందం మీద వాలేసా సంతకం పెట్టిన పెద్ద పెన్ను మీద కూడా పోప్ బొమ్మే. ఎదురుగా సంతకం పెట్టింది ఉప ప్రధాని యాగియెల్‌స్కీ. అదే ఒప్పందంలో పార్టీ నాయకత్వ పాత్రని గుర్తిస్తామని యూనియన్ చేత కూడా రాయించుకున్నారు, ఇది కథ చెప్పేవాళ్లు తరచుగా మింగేసే విషయం.

తర్వాతి హాళ్ల గురించి తొందరగా చెబుతా. ఎరుపు తెలుపుల హాల్లో సొలిడారిటీ వెలిగిన పదహారు నెలలు, కోటి మంది దాకా సభ్యులు. ఆ తర్వాతి హాల్లో 1981 డిసెంబర్ 13, అప్పటి పార్టీ అధినేత జనరల్ యారుజెల్‌స్కీ పెట్టిన మార్షల్ లా, వరసగా నిలబెట్టిన పోలీసు డాళ్లు. మూడు రోజులకే వూయెక్ బొగ్గు గనిలో తొమ్మిది మంది కార్మికుల్ని కాల్చేశారు. 1984లో సొలిడారిటీకి అండగా నిలిచిన పాదిరీ, ఫాదర్ పొపియెవుష్కోని రహస్య పోలీసులు చంపారు. ఆ తర్వాత సర్కారుకీ సొలిడారిటీకీ మధ్య 1989 రౌండ్ టేబుల్ చర్చలు, నిజంగానే గుండ్రటి బల్ల వేసి కుర్చీలు పెట్టారు, మీరూ కూర్చోవచ్చు. జూన్ 4న మొదలై రెండు విడతల్లో జరిగిన ఎన్నికల్లో, దిగువ సభలో స్వేచ్ఛగా పోటీకి వదిలిన 161 సీట్లూ సొలిడారిటీ గెలిచింది, సెనేట్‌లో 100కి 99.

ఇక్కడే నా అర మార్కు పోయింది. మొదటి రెండు హాళ్లలో మనిషి చెమట వాసన తగులుతుంది, చివరికి వచ్చేసరికి బెర్లిన్ గోడ, దేశాల జెండాలు, శాంతి, స్వేచ్ఛ, అంతా మెరిసిపోతూ ఉంటుంది. నాన్న ప్రశ్న నాన్నకి మిగిలిపోయింది: "మరి షిప్‌యార్డు ఏమైంది?" 1980లో ఇక్కడ పదహారు పదిహేడు వేల మంది పనిచేసేవారు. 1996లో షిప్‌యార్డు దివాలా తీసింది. కమ్యూనిస్టు సర్కారుని దింపిన కార్మికుల చేతిలోని పనిని మార్కెట్ తీసుకుపోయింది. మెట్లెక్కి పై టెర్రస్ మీదికి వెళ్తే పాత క్రేన్లు కనబడతాయి, చుట్టూ కొత్త అపార్ట్‌మెంట్లు లేస్తున్నాయి. ఆ ముక్క నాకు ఇంకా గట్టిగా, మొదటి హాలంత గట్టిగా కావాలనిపించింది. వాలెంటినోవిచ్, వాలేసా తర్వాత బద్ధ శత్రువుల్లా విడిపోయిన సంగతి కూడా అంతే. ఆమె 2010లో స్మోలెన్స్క్ విమాన ప్రమాదంలో చనిపోయింది, ఇద్దరూ రాజీ పడింది లేదు.

చివర్లో ఒక గోడ ఉంటుంది. ఎర్ర, తెల్ల చీటీల మీద సందర్శకులు ఏదైనా రాసి తగిలించొచ్చు, దూరం నుంచి చూస్తే చీటీలన్నీ కలిసి సొలిడారిటీ గుర్తులా కనబడతాయి. నాన్న ఎర్ర చీటీ తీసుకున్నారు. నేను ఫోన్లో ఏదో చూసుకుంటున్నా. రాసి తగిలించాక చదివాను, పేరు లేదు, సింధియాలో ఆయన టోకెన్ నంబరు, కింద "విశాఖపట్నం" అని తెలుగులో.

వెళ్లేవాళ్లకి నాలుగు మాటలు. కనీసం మూడు గంటలు పెట్టుకోండి, మాకు నాలుగున్నర పట్టింది. కూర్చోవడానికి మధ్యమధ్య బెంచీలున్నాయి, లిఫ్టుంది, పెద్దవాళ్లని నిశ్చింతగా తీసుకెళ్లొచ్చు. చలికాలంలో మంగళవారం మూసి ఉండొచ్చు, ముందే చూసుకోండి. చిన్నపిల్లలకి రెండో హాలు కాస్త భయంగా ఉంటుంది. బయటికి రాగానే పక్కనే బీ.హెచ్.పీ. హాలు, ఒప్పందం మీద సంతకాలు జరిగిన అసలు హాలు, అది వదిలేయకండి. భోజనానికి మాత్రం చుట్టుపక్కల ఎక్కడో ఒక చోట వెజిటేరియన్ అని అడిగితే చేపముక్క పెట్టారు, కాబట్టి అమ్మలాంటి వాళ్లుంటే పులిహోర కట్టుకెళ్లండి. (అమ్మ రాలేదు లెండి, హోటల్లో పడుకుని "మీ సమ్మెలు మీరు చూసుకోండి" అంది.)

ఇంకో రోజు చేతిలో ఉంటే లోకల్ రైలెక్కి గ్డీనియా స్తోచ్న్యా స్టేషన్లో దిగండి, స్తోచ్న్యా అంటే షిప్‌యార్డే. 1970లో కాల్పులు జరిగింది అక్కడే. స్టేషన్ దగ్గర్లో 1970 అంకెల ఆకారంలో స్మారకం ఉంది, అందులో ఏడు అంకె తూటా తగిలి ఒరిగిపోతున్న మనిషిలా ఉంటుంది. మేం వెళ్లింది పొద్దున్నే, షిఫ్ట్ టైముకి. రైలు దిగి సంచులు భుజాన వేసుకుని పనికి పోయేవాళ్లు పోతూనే ఉన్నారు, నాన్న పక్కకి జరిగి వాళ్లకి దారి ఇచ్చారు.